గొలుగొండ పితూరీలు – అల్లూరి సీతారామరాజు

‘పితూరీ’ యను మాటకు మన భాషలో రెండర్థములు గలవు. ఒకరిమీద మఱియొకరు పెద్దలకు చెప్పుకొను ఫిర్యాదు పితూరీ. ప్రభుత్వముపై ఆయుధము పట్టి తిరుగబడుటయు పితూరీయే. హిందుస్థానీనుండి మనలోనికి వచ్చిన యీ మాటకు మైదానమునందు మొదటి యర్థమే నిలిచినది. తోటిపిల్లవానిమీద తల్లితో పితూరీ చెప్పు బాలుడు ఆ మాటలో తుపాకి మ్రోత యున్నదని యెఱుగడు. విశాఖమండలపు మన్యమున మాత్రము నూఱేండ్ల చరిత్ర రెండవ యర్థముతో నిండియున్నది. ఈ రెండర్థములును వేఱువేఱు గావనియు, మన్యమున మొదటిది అధికారుల చెవి కెక్కనప్పుడెల్ల రెండవది పుట్టుచు వచ్చెననియు నా యభిప్రాయము. అల్లూరి సీతారామరాజు చరిత్రమును ఈ దృష్టితో నొకమాఱు తిరిగి చూడవలసియున్నది.

అనకాపల్లి జిల్లాలో నర్సీపట్నము రెవెన్యూ విభాగమునకు చేరిన రోలుగుంట కొండలకును మైదానమునకును నడుమ నుండు ప్రాంతములోనిది. దక్షిణముగా వరిమళ్లు, చెఱకుతోటలు. ఉత్తరముగా చూచినచో ఒకదానివెనుక నొకటిగా లేచు మన్యపు కొండలు. నర్సీపట్నము, గొలుగొండ, కృష్ణదేవిపేట యను నూళ్లును ఇట్టి తావులలోనివే. ఈ యూళ్లమీదుగా కొండకు పోవు కనుమలే చింతపండు, కరక్కాయ, తేనె, అడ్డాకు దిగివచ్చు త్రోవలు. ఉప్పును బట్టయు ఎక్కిపోవు త్రోవలు. పితూరీలనాడు సేనలు నడచినవియు, తిరుగుబాటుదారులు దిగివచ్చినవియు ఈ త్రోవలే. కావున మన్యపు చరిత్ర కొండవారి చరిత్ర మాత్రమే కాదు. దిగువ నుండు ఈ యూళ్ల చరిత్రకూడ నగును.

సీతారామరాజును గూర్చిన గ్రంథములు, పాటలు, చలనచిత్రములు మనకు తక్కువ లేవు. వానిలో చాలభాగము ఆయనను ఆకస్మికముగా కొండపై నవతరించిన దివ్యపురుషునిగా చూపును. అమాయకులైన కొండవారు నిద్రించుచుండిరనియు, ఆయన వచ్చి మేలుకొలిపెననియు వాని తాత్పర్యము. ఈ చిత్రణము రాజునకు గౌరవము కలిగించుటకే యుద్దేశింపబడియుండవచ్చును. కాని కొండవారి కది న్యాయము చేయదు. ఆయన పుట్టుటకు అఱువదియేండ్లకు ముందే గొలుగొండ కొండలు తిరుగబడియుండెను.

గొలుగొండ జమీందారీ భూపతు లను వంశమువారిది. 1802లో శాశ్వత పైసలా విశాఖమండలమున నమలులోనికి వచ్చినప్పు డీ జమీనునకును పేష్కషు నిర్ణయింపబడెను. కాగితముమీద భూపతి జమీందారు; కొండమీద నిజమైన యధికారము ముఠాదారులది. ముఠా యనగా కొన్ని గ్రామముల సమూహము. దాని పెద్ద ముఠాదారు. అతడు పైవానికి స్వల్పమైన కట్టుబడి చెల్లించి, కనుమలను కాచి, తన ముఠాలో తగవులు తీర్చుచు నుండెడివాడు. అతనికి జీతము లేదు, కాని మర్యాద గలదు. కొండపాలన యంతయు ఆ మర్యాదపై నిలిచియుండెను. దీనిని కుంపిణీ యధికారులు గ్రహింపలేదు. జమీందారును మార్చుట తమ చేతిలోని పనియని వారు తలచిరి. ముఠాదారుల సమ్మతి లేక భూపతి గద్దెపై ఎవ్వరును నిలువజాలరని కొండవారి మతము.

ఈ రెండు మతములకు సంఘర్షణము 1836లో కలిగెను. నాటి జమీందారు అనంతభూపతిని తొలగించి, పూర్వపు జమీందారు భార్యయు విధవయునైన జమ్మ దేవమ్మను ప్రభుత్వమువారు గద్దెపై నుంచిరి. కొండసర్దారుల నడుగలేదు. వారామెను కొండలమీదికి గొనిపోయి చంపిరి. ఇది ఘోరకృత్యమనుటలో సందేహము లేదు. పితూరీల చరిత్రలో నిట్టి కృత్యములనుకూడ దాచక చెప్పవలెను. పిమ్మట సేనలు వచ్చెను. అనంతభూపతి గుత్తికోటలో బంధింపబడెను. 1837లో జమీను బకాయిలకై వేలము వేయబడగా ప్రభుత్వమే కొనెను. దానితో కొండపై భూపతు లుండుట ముగిసి, కలెక్టరే భూపతియయ్యెను.

1839లో వచ్చిన 24వ చట్టము గంజాము, విశాఖపట్టణము మండలములలోని కొండభాగములను సామాన్య న్యాయస్థానముల యధికారమునుండి తప్పించి కలెక్టరునకు ఏజంటు అను హోదాతో అప్పగించెను. నేటికిని మనము ‘ఏజెన్సీ’ యను మాట వాడుట అప్పటినుండియే. ఆ చట్టము కొండవారి మేలుకొఱకని కొందఱందురు. కోర్టుల ఖర్చునుండియు, ప్లీడరులనుండియు వారిని కాపాడినమాట నిజమే. కాని ఒకే యుద్యోగి శిస్తు తీయువాడు, పోలీసు నడపువాడు, తీర్పు చెప్పువాడునైనచో, ఆ యుద్యోగిమీదనే పితూరీ చెప్పుకొనవలసినవాడు ఎవరికడకు పోవలెను? ఈ ప్రశ్నకు చట్టములో సమాధానము లేదు.

1845లో ముఠాదారులు భూపతి వంశములోని చిన్నభూపతిని తమ రాజుగా నెన్నుకొని మూడేండ్లు కొండలను తమ వశమున నుంచుకొనిరి. 1848లో క్షమాపణ ప్రకటింపబడిన మీదటనే అతడు లొంగెను. 1857–58లో అతని వంశమువాడే సన్యాసిభూపతి మరల తలయెత్తగా ఆ యలజడి త్వరలోనే అణపబడెను. ఉత్తరదేశమున సిపాయీల యుద్ధము జరుగుచున్న సంవత్సరములవి. కాని యీ కొండల పితూరీకి కారణములు ఇక్కడివే. ఢిల్లీనుండి నిప్పు తెచ్చుకొనవలసిన యవసరము గొలుగొండకు లేదు.

తరువాతి కాలమున ఫిర్యాదుల స్వరూపము మాఱెను. భూపతి గద్దె యెవరిదను ప్రశ్న వెనుకబడి, అడవి యెవరిదను ప్రశ్న ముందునకు వచ్చెను. కొండవాని సేద్యము పోడు. అతడు అడవిలో కొంత భాగము నరికి, ఎండిన కొమ్మలను కాల్చి, బూడిదలో రాగి, సామ, కొఱ్ఱ, కంది చల్లును. రెండు మూడేండ్లకు ఆ తావు విడిచి మఱియొక తావునకు పోవును. విడిచినచోట అడవి తిరిగి పెరుగును. 1882లో వచ్చిన మద్రాసు అటవీచట్టము అడవులను రక్షితములుగా నేర్పఱచుటతో తాతతండ్రులు కొట్టిన పోడు నేరమయ్యెను. దానికి తోడు కల్లు. జీలుగు చెట్టునుండి దింపుకొనెడి కల్లు కొండవానికి మత్తు మాత్రమే కాదు; గింజలు నిండుకొను ఎండకాలమున నది యన్నమువంటిది. దానిపై అబ్కారీ కట్టడిని పెట్టి, ఆ హక్కును మైదానపు గుత్తదారులకు పాడిన ఫలితమే 1879లో రంపదేశమున లేచిన మహాపితూరీ. ద్వారబంధాల చంద్రారెడ్డి, కారం తమ్మన్నదొర దానికి నాయకులు. అది రంపలో నాగక గొలుగొండ కొండలకు వ్యాపించెను. నాయకు లిద్దఱును 1880లో హతులైరి.

1886 నాటి పితూరీ చిన్నది; చరిత్రకారులు తఱచుగా దానిని ఒక వాక్యముతో దాటిపోవుదురు. నాకు మాత్రము మిగిలిన వానికంటె నదియే యెక్కువ తలచుకొనదగినదిగా తోచుచున్నది. రాజన అనంతయ్య మొదలగువారు గూడెము పోలీసుఠాణాపై పడిరి. తమ గుంపునకు వారు పెట్టుకొన్న పేరు ‘రామదండు’. అంతకు పూర్వపు పితూరీలు భూపతి పేరుతోనో ముఠా పేరుతోనో జరిగినవి. ఇది దేవుని పేరుతో జరిగెను. రాముడు వనవాసి, అతని సేన కొండకోతులు. అడవిలోని అల్పులు గొప్పరాజ్యమును కూల్చిన కథ వారికి తెలిసినదే. ముప్పదియాఱేండ్ల పిమ్మట రాముని పేరే గల యొక క్షత్రియ సన్యాసి విల్లమ్ములతో నదే గూడెములో నిలిచినప్పుడు కొండవారి మనస్సునకు అత డపరిచితుడుగా తోచియుండడు.

ఇక రాజునుగూర్చి. ఆయన 1897 జూలై 4న విశాఖమండలములోని పాండ్రంగి గ్రామమున మాతామహుల యింట జన్మించెను. పాండ్రంగి నేడు పద్మనాభము మండలములోనిది. 1794 జూలై 10న చిన విజయరామరాజు కుంపిణీ సేనల నెదిరించి పడిన పద్మనాభ యుద్ధభూమి ఆ ప్రాంతమే. దీనినుండి ఏమియు తేల్చుటకు వీలులేదు గాని, ఈ రెండును ఒక్కచోట నుండుట చెప్పక పోలేను. తండ్రి వేంకటరామరాజు ఛాయాచిత్రకారుడు. స్వస్థలము గోదావరీమండలమున మోగల్లు. తల్లి సూర్యనారాయణమ్మ. తండ్రి బాల్యముననే మరణింపగా పినతండ్రి రామకృష్ణరాజు ప్రాపున ఊరూర చదువు సాగి, సాగక, పూర్తికాకయే నిలిచిపోయెను. కాకినాడలో చదువునాడు సహాధ్యాయియైన మద్దూరి అన్నపూర్ణయ్య పిమ్మట రాజమహేంద్రవరమున ‘కాంగ్రెసు’ పత్రికను నడపి, రాజునుగూర్చి అభిమానముతో వ్రాసినవారిలో నొకడయ్యెను.

ప్రభుత్వలేఖలలో ఆయన పేరు రామరాజు. ‘సీత’ యను పేరు తరువాత చేరినది. సీత యను బాలికపై ప్రేమచే ఆ పేరు ధరించెనను కథ లోకమున ప్రసిద్ధమైనను చరిత్రమున దానికి నిలువ నీడ లేదు. రామునకు సీత తోడగుట మన జానపదులకు సహజముగా తోచు విషయము. దానికై ప్రేమకథ యేల?

1916లో ఉత్తరదేశయాత్ర చేసి, 1917లో ఆయన కృష్ణదేవిపేటకు వచ్చెను. అచ్చట చిటికెల భాస్కరు డాశ్రయ మిచ్చెను. ధారకొండపై తపస్సు, జాతకములు చెప్పుట, మూలికావైద్యము, గుఱ్ఱపుస్వారి మొదలగునవి ఆయనను కొండవారికి పూజ్యునిగా జేసినవి. ఇది యయిదేండ్ల కాలము. ఈ యయిదేండ్లను చరిత్రకారులు రెండు పంక్తులలో ముగింతురు. నిజమునకు ఆయన చదువంతయు ఇక్కడనే జరిగినది. ఏ కనుమ ఎచ్చట దిగును, ఏ ముఠాదారుని హక్కు ఎప్పుడు పోయెను, ఎవరి భూమిని ఎవరు లాగికొనిరి, ఏ గ్రామమున జ్వరము హెచ్చు అనునవి సన్యాసికి చెప్పుకొన్నట్లు కొండవారు మఱియెవ్వరికిని చెప్పుకొనరు. అనగా ఫిర్యాదు అను అర్థమున గల పితూరీలన్నియు ఆయనకడకు వచ్చి చేరెను. సహాయనిరాకరణోద్యమము నాటికి ఆయన కల్లు మానుడనియు, ఖద్దరు కట్టుడనియు, కోర్టులకు పోక పంచాయతులలో తగవులు తీర్చుకొనుడనియు బోధించుచుండెను. కల్లుకై 1879లో తిరుగబడిన కొండలలో కల్లు మానుమని చెప్పి మెప్పించుట సామాన్యము కాదు.

ఆ వచ్చిన ఫిర్యాదులలో ముఖ్యమైనవి గూడెము డిప్యూటీ తహసీల్దారు బాస్టియనుపై నుండెను. నర్సీపట్నమునుండి లంబసింగి మీదుగా చింతపల్లికి రోడ్డు వేయుచుండిరి. కొండవారిచేత బలవంతముగా పని చేయించుటయు, నిర్ణయమైన కూలి వారికి పూర్తిగా ముట్టకపోవుటయు ఆయనపై ఆరోపణములు. బట్టిపనుకుల మునసబుగా నుండి పదవి పోగొట్టుకొన్న గాము గంటందొర, అతని సోదరుడు గాము మల్లుదొర, కంకిపాటి ఎండుపడాలు, గోకిరి ఎఱ్ఱేసు మొదలగువారు రాజును చేరిరి. వీరు రాజు చెప్పగా కష్టము తెలిసికొన్నవారు కారు. తమ కష్టమును తీసికొని వచ్చి, నాయకుని కొఱకు చూచుచుండినవారు. గంటందొర పైయధికారులకు చెప్పుకొన్నను ఫలితము లేకపోయెను.

1922 ఆరంభమున ప్రభుత్వము రాజును అనుమానించి నిఘాలో నుంచెను. పోలవరము డిప్యూటీ కలెక్టరు ఫజులుల్లాఖాను ఆయనయందు ఆదరము గలవాడై పైడిపుట్టలో భూమి యిప్పించెను. ఆ సంవత్సరపు వేసవి దాటునప్పటికి రాజు మరల కృష్ణదేవిపేట ప్రాంతమునకు వచ్చియుండెను.

ఆగస్టు 22న సుమారు మున్నూఱుమందితో చింతపల్లి ఠాణాపై దాడి. 23న కృష్ణదేవిపేట. 24న రాజవొమ్మంగి. మూడు దినములలో మూడు ఠాణాలు. మొత్తము చిక్కినవి 26 తుపాకులు, రెండువేల యైదువందలకు పైగా తూటాలు. ప్రాణహాని లేదు. తీసికొన్న యాయుధములకు ఠాణా పుస్తకమున వ్రాసి సంతకము చేయుట చింతపల్లి దాడిలోని విశేషము. దొంగ సంతకము చేయడు. పన్ను వసూలు చేయు ప్రభుత్వోద్యోగి చేయును. తానొక ప్రభుత్వముగా నిలిచి, వేఱొక ప్రభుత్వమునుండి ఆయుధములను స్వాధీనము చేసికొనుచున్నట్లు రాజు భావించెనని ఆ సంతకమే చెప్పుచున్నది. రాజవొమ్మంగిలో బందీగా నుండిన మొట్టడము వీరయ్యదొరను విడిపించెను.

ముందు వర్తమాన మంపియే దాడి చేయువాడనియు, బాణమునకు మిరపకాయ కట్టి పంపిన ‘మిరపకాయటపా’ ఆయన యుద్ధనీతి యనియు జనులందురు. తొలి మూడు దాడులు ముందు చెప్పి చేసినవి కావు. తటాలున పడుటచేతనే జయము కలిగినది. అక్టోబరు 15న అడ్డతీగెలపైకిని, 19న రంపచోడవరముపైకిని పోవునాటికి పోలీసులు జాగ్రత్తపడిరి. ఆయుధసామగ్రిని ముందే తొలగించుటచే రాజునకు చిక్కినది లేదు. ముందు చెప్పి చేసిన దాడి ధైర్యమునకు గుఱుతే గాని, తూటాలు లేనివానికి తూటాలు తెచ్చిపెట్టదు. పితూరీ బలహీనత యంతయు ఇందులో నున్నది. కొండయందు అన్నము దొరకును, మనుష్యులు దొరకుదురు, దాగుటకు తావు దొరకును, తుపాకిమందు దొరకదు. ఠాణాలలో నున్నంతవఱకే పితూరీకి ఆయుధాగారము.

సెప్టెంబరు 24న దామనపల్లి కనుమలో జరిగిన పోరాటము ఆయన యుద్ధవిద్యకు నిదర్శనము. ఇఱుకైన కనుమలో పొంచియుండి, ముందుగా నడచిన భారతీయ సిపాయీలను పోనిచ్చి, వెనుక వచ్చిన ఆంగ్లేయాధికారులు స్కాటు కవార్డు, హైటరులను రాజు మనుష్యులు కాల్చి చంపిరి. మనవారిని చంపరాదను నియమము ఆయనకు గలదని నాటి యధికారులే గుర్తించిరి. ఈ నియమము ధర్మమువలన పుట్టినదో, సిపాయీలను తనవైపు త్రిప్పుకొను యుక్తివలన పుట్టినదో అని తర్కించుట నిష్ప్రయోజనము. రెండును గూడ కావచ్చును.

డిసెంబరు 6న పెద్దగడ్డపాలెము వరిపొలములలో మలబారు పోలీసులకు ఎదురుపడుటతో అదృష్టము మళ్లెను. పగలు నలుగురు, అదే రాత్రి లింగాపురము కడ ఎనమండ్రు తిరుగుబాటుదారులు మరణించిరి. కొన్ని తుపాకులును పోయెను. పొదలలో పొంచి పోరాడువాడు బయలున నిలిచి పోరాడినచో గణబలమే గెలుచును. అటుపై కొన్ని నెలలు ఆయన జాడ తెలియలేదు. చనిపోయెనను వదంతికూడ పుట్టెను. 1923 ఏప్రిలున అన్నవరమున పట్టపగలు ప్రత్యక్షమై సత్యనారాయణస్వామి దర్శనము చేసికొనగా జనులు పాదములు కడిగిరి. ఆ సందర్భమున ఆయనతో జరిగిన సంభాషణము నాటి పత్రికలలో వెలువడెను. మనుష్యులకు కొదువలేదు, తుపాకులు మందుగుండు లేకపోవుటయే కొఱతయని ఆయన చెప్పినదాని సారాంశము. తన బలహీనత నింత నిక్కచ్చిగా నెఱిగియు పోరు సాగించినవానిని భ్రాంతుడనుట సరికాదు.

మైదానమందలి విద్యావంతులు ఆయనను గూర్చి యేమనుకొనిరి? ఇది మనము సిగ్గుపడవలసిన ఘట్టము. కాంగ్రెసు అహింసావ్రతమున నుండెను. చౌరీచౌరా పిదప ఉద్యమమే నిలిపివేయబడెను. తెలుగుపత్రికలలో కొన్ని పితూరీని గర్హించినవి. మద్రాసు శాసనసభలో కొండవారి కష్టములను గూర్చి అడిగినవా రత్యల్పులు. గాంధీమహాత్ముడు 1929లో ఆంధ్రపర్యటనము పిమ్మట ‘యంగ్ ఇండియా’లో, హింసను ఒప్పుకొనకయే, రాజు ధైర్యత్యాగములను మెచ్చి వ్రాసెను. అప్పటికి రాజు చనిపోయి అయిదేండ్లయ్యెను.

ప్రభుత్వము రాజును పట్టుటకు ముందు గ్రామములను పట్టెను. తిరుగుబాటుదారులకు అన్నము పెట్టిరని గ్రామములపై దండుగపన్ను వేయుట, ధాన్యమును కదలింపనీయకుండుట, ముఠాదారులను బెదరించుట మొదలయ్యెను. దాడికంటె నిది కొండవారిని ఎక్కువగా క్రుంగదీసినది. 1923 సెప్టెంబరున మల్లుదొర పట్టుబడెను. 1924 జనవరిలో అస్సాము రైఫిల్సు దళము వచ్చెను. ఏప్రిలున రూథర్‌ఫర్డు ప్రత్యేక కమిషనరుగా నియమింపబడెను. మే 6న జరిగిన పోరాటమున అగ్గిరాజను పేర ప్రసిద్ధుడైన వేగిరాజు సత్యనారాయణరాజు గాయపడి చిక్కెను.

మఱునాడు, 1924 మే 7న, మంప గ్రామము కడ రాజు పట్టుబడెను. పట్టినవాడు ప్రత్యేక పోలీసుదళపు జమేదారు కంచుమేనోను. బందీని కొయ్యూరునకు తెచ్చిరి. అచ్చట మేజరు గుడాలు శిబిరమున ఆయన కాల్చి చంపబడెను. పాఱిపోవ యత్నించుటచే కాల్చితిమని ప్రభుత్వపు మాట. చెట్టునకు కట్టి కాల్చిరని జనుల మాట. ఈ రెండింటి తారతమ్యమును విచారించుటకు న్యాయస్థానము కావలెను, అదియే జరుగలేదు. పట్టుబడిన ముఖ్యుడు, దళము నడుమ నిరాయుధుడుగా నున్నవాడు, ఒక్కదినమైనను న్యాయాధికారి యెదుటికి రాక చనిపోయెను. దీనికి ప్రభుత్వ మిచ్చిన సమాధానము ఎవరికిని తృప్తి కలిగింపలేదు.

ఇట్టిది ఇచ్చటనే మొదటిసారి జరిగినది కాదు. పంజాబమున సిక్కురాజ్యము 1849లో అంతరించిన పిమ్మటకూడ ఆయుధము దింపని భాయీ మహారాజసింగు, మన రాజువలెనే, యోధుడును సన్యాసియునైనవాడు. గ్రామస్థు లాయనయందు దైవశక్తి గలదని నమ్మి అన్నము పెట్టి దాచుచుండిరి. 1849 డిసెంబరున ఆయన పట్టుబడగా డల్హౌసీ ప్రభుత్వము విచారణ జరుపుటకు సాహసింపక 1850లో సింగపురమునకు ద్వీపాంతరము పంపెను. ఆయన చెఱలోనే చూపు పోగొట్టుకొని 1856లో మరణించెను. విచారణ జరిపినచో ముద్దాయి మాటలాడును. ఆతడు చెప్పిన మాటలు కాగితమున కెక్కును. పంజాబమున 1915లో లాహోరు కుట్రకేసునం దుఱిదీయబడిన కర్తార్‌సింగు సరాభా మాటలు నేటికిని మనకు మిగులుటకు కారణము విచారణ జరుగుటయే. మహారాజసింగునకును, రాజునకును ఆ యవకాశము లభింపలేదు. గూడెము తహసీల్దారునుగూర్చి, అడవిచట్టమునుగూర్చి, రోడ్డుకూలినిగూర్చి రాజు కోర్టులో నిలిచి చెప్పదలచినదేదో అది కొయ్యూరులోనే నిలిచిపోయెను. పితూరీ యను మాటకు గల మొదటి యర్థము, అనగా ఫిర్యాదు, కడపటికిని వినబడలేదు.

భౌతికకాయమును కృష్ణదేవిపేటకు తెచ్చి దహనము చేసిరి. చరిత్రపుస్తకములు సాధారణముగా నిక్కడ ఆగును. పితూరీ మాత్రము ఆగలేదు. గంటందొర మిగిలినవారితో ఇంకొక నెల పోరాడి జూనున హతుడయ్యెను. మిగిలినవారు ఒక్కరొక్కరుగా చిక్కిరి. అగ్గిరాజు అండమానునకు పంపబడి తిరిగి రాలేదు. రాజు లేకున్నను ఒక నెల నడచిన యా యుద్ధము నా వాదమునకు ప్రధానసాక్ష్యము. పితూరీ రాజు సొంత మైనచో మే 7నే ముగియవలసినది. గంటందొరకు అది పరుల యుద్ధము కాదు. తన మునసబుగిరి, తన భూమి, తన యూరు పోయిన దినమున మొదలైన యుద్ధము. రాజు గొప్పదనము నిందువలన తగ్గింప దలచలేదు. ముఠాకు ముఠా వేఱై, ఒకరినొకరు నమ్మక, ఎవరి ఫిర్యాదు వారు మోసికొనుచుండిన కొండదొరల నొక్క దండుగా జేసినవాడు ఆయనయే. ముఠాదారులు తమ హక్కుకై లేచిరి. స్వరాజ్యమను మాటను దానికి జోడించినవాడు ఆయన. 1836నుండి నడచిన పితూరీలలో ఆ మాట మొదటిసారి వినబడినది 1922లోనే.

మల్లుదొరకు మొదట మరణశిక్ష పడి, అది ద్వీపాంతరవాసముగా మార్పబడెను. శిక్ష ముగించుకొని తిరిగివచ్చి, కొండలలోనే కాలము గడపుచు, 1952లో జరిగిన మొదటి సాధారణ యెన్నికలలో విశాఖపట్టణము ద్విసభ్య నియోజకవర్గమునుండి స్వతంత్రాభ్యర్థిగా గెలిచి లోకసభకు పోయెను. అదే స్థానమునుండి రెండవ సభ్యుడు లంకా సుందరము. ముప్పదియేండ్లకు ముందు చింతపల్లి ఠాణాపై పడినవారిలో నొకడు ఢిల్లీలో శాసనకర్తగా కూర్చుండెను.

ముఠాదారీ పద్ధతి 1969లో వచ్చిన రెగ్యులేషనుతో రద్దయి, ముఠాభూములు రైతువారీ యయ్యెను. కొండభూములు గిరిజనేతరుల చేతికి పోకుండ 1917లో నొక చట్టమును, 1959లో నొక రెగ్యులేషనును, 1970లో దానికి సవరణయు వచ్చినవి. ఒకే విషయమున ఇన్నిమాఱులు శాసనము చేయవలసి వచ్చినదనగా మొదటివి యెంతవఱకు నమలులోనికి వచ్చెనో చదువరులే యూహింపగలరు.

2022 ఏప్రిలు 4న జిల్లాలు పునర్విభజింపబడినప్పుడు కొండభాగమునకు పాడేరు కేంద్రముగా అల్లూరి సీతారామరాజు పేర జిల్లా యేర్పడెను. చింతపల్లియు, ఆయన పడిన కొయ్యూరును ఆ జిల్లాలోనివి. దిగువనున్న కృష్ణదేవిపేట గొలుగొండ మండలములో నుండుటచే, రోలుగుంటతోపాటు అనకాపల్లి జిల్లాకు వచ్చినది. ఆయన సమాధి యిచ్చటనే యున్నది.